గొంతు మారినప్పుడల్లా మా చేతులు మారాయి

మల్కాజిగిరిలో మా డ్రమ్మర్ ఇంటి మేడమీద ఒక చిన్న గది ఉంది. దాని గోడలకు కోడిగుడ్ల అట్టలు అంటించి, ఉన్న ఒక్క కిటికీకి పాత పరుపు అడ్డంపెట్టి, అందులోనే మా బ్యాండ్ మొదలుపెట్టాం. ఆ అట్టలు గదిలో ప్రతిధ్వనిని కాస్త తగ్గించాయే గాని శబ్దం బయటికి పోకుండా ఆపలేకపోయాయి. అందుకని రాత్రి తొమ్మిది కాగానే డ్రమ్స్ ఆపేసి, ఒట్టి గిటార్‌తో పాటలు కట్టుకునేవాళ్లం.

నేను గిటార్ వాయిస్తాను. బేస్ వాయించేవాడూ, డ్రమ్మరూ, నేనూ పదకొండేళ్లుగా అలాగే ఉన్నాం. ప్రధాన గాయకుల స్థానంలో మాత్రం ఇప్పటికి ముగ్గురు నిలబడ్డారు. వాద్యాలు అవే, వాయించే మనుషులు వారే, గది కూడా అదే అయినప్పుడు బ్యాండ్ తీరు ఎందుకు మారాలని మొదట్లో నేను గట్టిగా అనుకున్నాను. కాని తొలి రోజుల రికార్డింగునూ ఈ ఏడాది రికార్డింగునూ ఒకదాని వెంట ఒకటి వినిపిస్తే, రెండూ ఒకే బ్యాండ్ వాయించినవంటే కొత్తవాళ్లు నమ్మడం లేదు. ఈ మధ్యలో ఏం జరిగిందో, అందులో ఒక మంచి గాయకుణ్ని మేం ఎలా నొప్పించామో చెప్పాలని చాలాకాలంగా ఉంది.

మా మొదటి గాయకుడు వరంగల్ వాడు, ఇంజనీరింగులో నా సహపాఠి. సంగీతం నేర్చుకున్నవాడు కాదు. గొంతు కాస్త బొంగురుగా ఉండి, పైకి పోయే కొద్దీ గరుకుతనం తేలేది. దమ్ము తక్కువ కావడం వల్ల పంక్తులను చిన్నచిన్న ముక్కలుగా విరిచి, దాదాపు మాట్లాడుతున్నట్టే పాడేవాడు. మా తొలి పాటను అతని నోటి నుంచి వచ్చిన ఒక్క మాట మీద కట్టాం. ‘వస్తవా’ అని అడుగుతాడు. ‘వస్తావా’ కాదు, ‘వస్తవా’. ఛందస్సు తెలిసినవారికి తేడా వెంటనే అందుతుంది: ‘వస్తావా’ మూడు గురువుల మ గణం, ‘వస్తవా’ నడుమ లఘువు ఉన్న ర గణం. నేను కట్టిన గిటార్ రిఫ్, అంటే పాటంతా తిరిగి తిరిగి వచ్చే చిన్న వరుస, సరిగ్గా ఆ ర గణమే, పొడుగు, పొట్టి, పొడుగు. గిటార్‌లో అన్నిటికన్నా లావుగా ఉండే తీగను ఎక్కడా నొక్కకుండా మోగించి, దాని మీద ఆ మూడు దెబ్బలు వేసేవాణ్ని. ఆ తీగ, పాట ‘స’ ఎక్కడుండాలో చెప్పే మన లెక్కలో, మూడు శ్రుతికి సరిపోతుంది కాబట్టి పాట శ్రుతి కూడా మూడే అయింది. అతని గొంతు కింది ‘ప’ అయిన మంద్ర పంచమం నుంచి పై ‘స’ అయిన తార షడ్జమం దాకా పలికేది. పాట ఆ హద్దులు దాటలేదు.

గొంతూ గిటారూ ఒకే బాటలో, ఒకే అడుగులో నడిచేవి. బ్లాక్ సబ్బాత్ బ్యాండ్ 1970లో చేసిన ‘ఐరన్ మ్యాన్’ విన్నవారికి ఈ పద్ధతి తెలుసు. అందులో ఓజీ ఆస్బోర్న్ గొంతు గిటారిస్టు టోనీ అయోమీ రిఫ్‌ను విడిచిపెట్టకుండా దాని వెంటే పోతుంది. మేం వారిని చూసి అలా చేయలేదు. దమ్ము తక్కువైన గొంతుకు గిటార్ ఊతకర్ర కావలసి వచ్చింది, అది అలవాటైంది, చివరికి అదే మా బాణీ అని మేం చెప్పుకునేదాకా వచ్చింది. నిజానికి అది అతని ఊపిరి కొలత. ఆ సంగతి అతను ఉన్నంతకాలం మాకు తెలియలేదు.

అమెరికాలో ఉద్యోగం వచ్చి అతను వెళ్లిపోయాడు. వీడ్కోలు సంగతులు రాయను.

అతని స్థానంలోకి మనిషిని వెదుకుతున్న రోజుల్లో నేను రాత్రుళ్లు ఏసీ/డీసీ అనే రాక్ బ్యాండ్ చరిత్ర చదివి ధైర్యం తెచ్చుకునేవాణ్ని. 1980 ఫిబ్రవరి 19న ఆ బ్యాండ్ గాయకుడు బాన్ స్కాట్ లండన్‌లో చనిపోయాడు. అదే ఏడాది జులైలో బ్రయన్ జాన్సన్ గొంతుతో ‘బ్యాక్ ఇన్ బ్లాక్’ విడుదలై లోకమంతా మోగింది. ఐదు నెలలు. యంగ్ అన్నదమ్ముల గిటార్లు ఎప్పటిలాగే ఉన్నాయి, గొంతు ఒక్కటే మారింది, బండి ఆగలేదు. ఇందులో నేను తీసుకున్న పాఠం తప్పు. జాన్సన్ ఆ పాటలను స్కాట్‌లా పాడలేదు. తనకు సహజమైన పై స్థాయిలో పాడాడు, ఆ కొత్త పాటల సాహిత్యంలో అతని చేయి కూడా ఉంది. వాళ్లు పాత గొంతుకు నకలు తెచ్చుకోలేదన్న అసలు విషయాన్ని పక్కనపెట్టి, మనిషి దొరికితే చాలునని మాత్రం నేను పట్టుకున్నాను.

ఆరు వారాల్లో పద్నాలుగు మందిని విన్నాం. వచ్చిన ప్రతి ఒక్కరికీ పాత రికార్డింగు ఇచ్చి, అలాగే పాడమని అడిగాం. చివరికి కుదిరినాయన మాకన్నా పదేళ్లు పెద్ద, సొంత ఊరు రాజమండ్రి, సికింద్రాబాద్ పెళ్లి ఆర్కెస్ట్రాల్లో చాలా ఏళ్లుగా పాడుతున్నారు. గదిలోకి వచ్చి చెప్పులు తలుపు పక్కన విడిచి, కూర్చోకముందే ఆయన అడిగిన మొదటి ప్రశ్న, ‘ఎవరిలా పాడాలి తమ్ముడూ?’ అని. ఆ ప్రశ్న మాకు వింతగా తోచలేదు. ఆర్కెస్ట్రాలో ‘ఘంటసాల గొంతు’, ‘బాలు గొంతు’ అని గాయకులకు పేర్లుంటాయి. ఎంత దగ్గరగా పోలితే అంత గిరాకీ. మేం పాత రికార్డింగు చేతిలో పెట్టి, ‘ఇతనిలా, అన్నా’ అన్నాం.

ఇక్కడ ఒక మాట చెప్పాలి. 1974 ఫిబ్రవరి 11న ఘంటసాల కన్నుమూసినప్పుడు ఆయన గొంతును పోలిన గొంతులకు అవకాశాలు రాకపోలేదు. కాని ఆ తర్వాత దశాబ్దాల పాటు తెలుగు పాటను మోసినవారు 1966లోనే సినిమాల్లో పాడడం మొదలుపెట్టిన ఎస్.పి. బాలసుబ్రహ్మణ్యం, ఆయనది ఘంటసాలతో పోలికే లేని మరో రకం గొంతు, సంగీత దర్శకులు ఆ గొంతుకు తగిన బాణీలు వేరేగా కట్టారు. చిన్నప్పటి నుంచి ఈ పాటల మధ్యే పెరిగిన నాకు, నా బ్యాండ్ దగ్గరికి వచ్చేసరికి ఇది ఎందుకు గుర్తు రాలేదో ఇప్పటికీ బాధగానే ఉంటుంది.

వారం తిరగకుండానే ఆయన ఆ పాటలన్నీ వల్లించి వచ్చారు. గరుకుతనం కూడా పట్టారు. కాని ‘వస్తవా’ దగ్గర ఆయన నోరు తిరగలేదు. గోదావరి తీరంలో పెరిగిన నాలుక అది. శ్రద్ధ పెడితే ‘వస్తవా’ అనేవారు, వేదిక మీద ఒత్తిడి పెరిగితే దీర్ఘం దానంతటదే వచ్చి ‘వస్తావా’ అయ్యేది. దీర్ఘం వచ్చిన ప్రతిసారీ రిఫ్‌లోని పొట్టి దెబ్బ ఆయన సాగదీత కింద నలిగిపోయేది. నేను రిఫ్ మార్చవలసింది. మార్చకుండా, రిహార్సల్‌లో ఆయన్ని ఆపి మళ్లీ మళ్లీ ఆ మాట పలికించాను.

రెండో ఇబ్బంది శ్రుతి. ఆయన గొంతు పైన వెలిగే గొంతు. మా పాటలేమో చాలావరకు కింది స్వరాల్లో నడుస్తాయి. ఆ కింది చోట్ల గొంతుకు బరువు తెచ్చుకోవడానికి ఆయన మైకును పెదవులకు ఆనించి పాడేవారు. వేదికల మీద వాడే మామూలు మైకుకు నోరు ఎంత దగ్గరగా పెడితే అంతగా మంద్రధ్వని పెరుగుతుంది, ఆ కిటుకు ఆర్కెస్ట్రా వాళ్లకు బాగా తెలుసు. కాని అంత దగ్గర నుంచి ‘ప’, ‘భ’ పలికితే స్పీకర్లో ఫట్ ఫట్‌మని పేలుతాయి. వాటిని అణచడానికి సౌండ్ ఇంజనీరు మంద్రం తగ్గించేవాడు, తగ్గించగానే ఆయన ఇంకా గట్టిగా పాడేవారు. పై చోట్ల అరువు తెచ్చుకున్న గరుకుతనం సరేసరి.

ఘట్‌కేసర్ వైపు ఒక కాలేజీ ఉత్సవంలో, మూడో పాట రెండో చరణంలో ఆయన గొంతు పోయింది. మైకును పక్కకు తిప్పి దగ్గారు, మళ్లీ ఎత్తుకున్నారు, గాలి తప్ప ధ్వని రాలేదు. బేస్ వాయించేవాడు మైకు అందుకొని ఆ పాట ముగించాడు, మిగిలిన రెండు పాటలు మానేశాం. తిరుగు ప్రయాణంలో ఆయన ఫ్లాస్కు మూతలో వేడినీళ్లు పోసుకొని కొద్దికొద్దిగా తాగుతూ కూర్చున్నారు. ఉప్పల్ దాటాక ఫోనులో ఏదో టైపు చేసి నా ముందు పెట్టారు. ‘నా గొంతుతో పాడనిచ్చి ఉంటే ఇలా అయ్యేది కాదు తమ్ముడూ’ అని ఉంది.

డాక్టరు రెండు వారాలు మౌనంగా ఉండమన్నారు. ఆ రెండు వారాల్లో నేను ఇండియన్ ఓషన్ గురించి ఎక్కువగా ఆలోచించాను. ఢిల్లీలో 1990లో పుట్టిన ఆ బ్యాండ్‌లో అశీమ్ చక్రవర్తి తబలా వాయిస్తూనే పాడేవారు. 2009 డిసెంబరు 25న ఆయన చనిపోయాక తబలాకు తుహిన్ చక్రవర్తి, పాటకు హిమాన్షు జోషి వచ్చారు. ఒక్క మనిషి చోటు నింపడానికి ఇద్దరు. వాయించే చేయీ పాడే గొంతూ ఒకే ఊపిరితో నడిచినప్పుడు వచ్చే పట్టు వేరు, అది ఇద్దరు మనుషుల మధ్య మాటామంతీగా మారినప్పుడు వచ్చే అందం వేరు. మొదటిదాన్ని రెండోవారి నుంచి రాబట్టాలని చూడడం అన్యాయం. మేం చేస్తున్నది అదే.

ఆయన గొంతు కోలుకున్నాక పాత పాటలు పక్కనపెట్టి, ఆయనకోసమే ఒక పాట కట్టాం. రెండు శ్రుతిలో మొదలుపెట్టాం. ఆయన ఇంటి నుంచి హార్మోనియం తెచ్చుకున్నారు. నేను దెబ్బలు మానేసి తీగలను ఒక్కొక్కటిగా మీటడం మొదలుపెట్టాను. తాళం నాలుగు ఆవృత్తాలు తిరిగేంతసేపు ఒకే అచ్చును పట్టి నిలపగల దమ్ము ఆయనది. తెలుగు మాటలు అచ్చుతో ముగుస్తాయి కాబట్టి ప్రతి పంక్తి చివరా గొంతు నిలబడడానికి చోటుంటుంది. మొదటి గాయకుడి రోజుల్లో మేం ఆ చోటును ఒక్కసారైనా వాడుకోలేదు. చరణం చివర ఆయన తార పంచమానికి వెళ్లి అక్కడ నిలిచినప్పుడు డ్రమ్మర్ కర్రలు ఆపేసి వింటూ ఉండిపోయాడు, అది పొరపాటు, కాని బాగుందని అలాగే ఉంచేశాం. అంతవరకు మేం చేసిన పాటల్లో అదే ఉత్తమమైనదని నా అభిప్రాయం. సినిమా పాటలా ఉందని కొందరు పెదవి విరిచారు. నేను ఆ మాటను ఒప్పుకోను.

అయితే ముహూర్తాల కాలం వస్తే ఆయనకు ఏ సాయంత్రమూ ఖాళీ ఉండేది కాదు, మా కార్యక్రమాలు ఆయన ఇల్లు గడిపేంతటివి కావు. ఏడాదిన్నర తర్వాత మంచి మాటలతోనే విడిపోయాం.

తర్వాత కొన్ని నెలలు డ్రమ్మరే పాడాడు. 1975లో గాయకుడు పీటర్ గేబ్రియల్ వెళ్లిపోయాక జెనెసిస్ బ్యాండ్ ఎందరినో విని చూసి, చివరికి తమ డ్రమ్మర్ ఫిల్ కాలిన్స్‌నే గాయకుణ్ని చేసుకుంది. కాని 1976లో వేదికలెక్కవలసి వచ్చినప్పుడు డ్రమ్స్‌కు బిల్ బ్రఫర్డ్‌ను పిలిపించుకున్నారు. మాకు అలా పిలవడానికి ఎవరూ లేరు. పాడుతూ వాయించేసరికి మా వాడి చేతులు సగానికి సగం సాదా అయిపోయాయి, ఆ ప్రయత్నం మానుకున్నాం.

మూడో గాయని కర్ణాటక సంగీతం పన్నెండేళ్లు నేర్చుకున్న అమ్మాయి, పద్మారావునగర్‌లో ఉంటుంది. ఈసారి మేం పాత రికార్డింగులు ఇవ్వలేదు. నీ శ్రుతి ఎంతమ్మా అని అడిగాం. ‘ఐదున్నర, అన్నా’ అంది.

ఐదున్నర శ్రుతి గిటార్‌కు కష్టమైన చోటు. అక్కడ షడ్జమానికి గాని పంచమానికి గాని నొక్కకుండా మోగే తీగ ఒక్కటీ ఉండదు. నాలుగో మెట్టు మీద కేపో, అంటే తీగలన్నిటినీ ఒకేసారి నొక్కిపట్టే పట్టీ, బిగిస్తే పాత వేళ్లతోనే వాయించవచ్చు. అలా చేసి చూశాను, లావు తీగల బరువంతా పోయి గిటార్ మాండొలిన్‌లా పలచబడింది. రెండు రోజులు కొట్టుకున్నాక, అన్ని తీగలనూ అర శ్రుతి కిందికి దించి చూద్దామని బేస్ వాయించేవాడు అన్నాడు. దించాం. అప్పుడు తెలిసిన సంగతి నాకు ఇప్పటికీ ఒళ్లు జలదరింపజేస్తుంది. అలా దించితే లావు తీగ నుంచి లెక్కిస్తే రెండో తీగ సరిగ్గా ఐదున్నర, అంటే ఆమె షడ్జమం. దాని పక్కనున్న లావు తీగ ఆమె మంద్ర పంచమం. తంబురాలో మొదటి తీగ పంచమం, తర్వాతివి షడ్జమాలు. పాశ్చాత్య వాద్యమని ఇన్నాళ్లూ మోసిన గిటార్‌లో, రెండు తీగలు నొక్కకుండా మీటితే తంబురా వినిపించింది. ఆమె కళ్లు మూసుకొని ‘స’ పట్టింది, మేం ముగ్గురం కాసేపు ఏమీ వాయించకుండా ఆ రెండు తీగలే మీటుతూ కూర్చున్నాం.

ఇబ్బంది కార్డుల దగ్గర, అంటే కొన్ని స్వరాలను కలిపి ఒకేసారి మోగించే చోట, వచ్చింది. ‘వస్తవా’ పాటను ఆమె ఆభేరి రాగం ఛాయలో పాడుతోంది. నేను మైనర్ కార్డు పట్టాను. రెండు పంక్తులు పాడి ఆపేసి, ‘అన్నా, మీరు పట్టేదాంట్లో గాంధారం ఉందా?’ అని అడిగింది. ఉంది. ‘నేను ఆ గాంధారాన్ని మధ్యమం నుంచి ఊపుతూ తెస్తాను, మీదేమో ఒకేచోట మేకులా నిలబడుతోంది, రెండూ రాసుకుంటున్నాయి’ అంది. నేను కార్డులోంచి గాంధారం తీసేసి, ఒట్టి షడ్జమ పంచమాలు మిగిల్చాను. రాక్ వాళ్లు వాటినే పవర్ కార్డు అంటారు, బరువు కోసం వాడతారు. అదే రెండు స్వరాలు ఆమె గమకానికి, అంటే స్వరాన్ని ఊపే ఆ ఊపుకు, తోవ ఇచ్చాయి. గాంధారం అంతా ఆమెది, ఊపుకున్నంత ఊపుకోవచ్చు, కింద మేం నేల పరిచి ఊరుకుంటాం. అప్పటి నుంచి ఏ పాట కట్టినా ముందు కార్డు పట్టను. ఆమె ఏ స్వరాన్ని కదిలిస్తుందో విని, ఆ స్వరాన్ని నా చేతిలోంచి తీసేస్తాను.

గమకం నిండడానికి కాలం కావాలి కనుక వేగం కూడా తగ్గింది. నిమిషానికి 132 దెబ్బల పాట 108కి వచ్చింది. పల్లవి రెండో పంక్తికి ముందు ఆమె ఊపిరి తీసుకునే చోట డ్రమ్మర్ మూడో దెబ్బ వదిలేయడం మొదలుపెట్టాడు. చరణాన్ని ఆమె ఐదు దెబ్బల తాళమైన ఖండచాపులోకి తిప్పుతానన్నప్పుడు వాడు భయపడ్డాడు. వారం రోజులు తొడమీద ‘తక తకిట’ అని కొట్టుకుంటూ తిరిగి, తర్వాత దాన్ని కాలి డ్రమ్ముకు రెండు, చేతికి మూడుగా పంచుకున్నాడు. ‘వస్తవా’ను ఆమె హైదరాబాదులో పుట్టి పెరిగిన మనిషిలా అలవోకగా పలుకుతుంది, కాని ర గణంలోని ఆ లఘువు మీద ఇప్పుడు దెబ్బ పడదు, చిన్న కదలిక ఉంటుంది.

గొంతునూ వాద్యాలనూ తగు పాళ్లలో కలిపే మిక్సింగ్‌లో మారింది ఒక్కటే చెబుతాను. మాటల్లో హల్లుల స్పష్టత ఎక్కువగా తెలిసేది రెండు నుంచి నాలుగు వేల హెర్ట్జ్‌ల మధ్య. గిటార్ కరకరలాడేదీ అక్కడే. బొంగురు గొంతు ఉన్న రోజుల్లో ఈ రెండూ కలిసిపోతే బాగుండేది. ఇప్పుడు నా గిటార్‌లో ఆ భాగాన్ని నేనే తగ్గించి ఇస్తున్నాను. మొదటిసారి తగ్గించినప్పుడు నన్ను నేను కోసుకున్నట్టు అనిపించిన మాట నిజం. బంజారాహిల్స్‌లోని లామకాన్ అనే సాంస్కృతిక వేదికలో, ఆ బండరాళ్ల పక్కన ఆరుబయట ఆమెతో చేసిన తొలి కార్యక్రమంలో చివరి వరుసలోవాళ్లకు కూడా ప్రతి మాటా తెలిసిందని విన్నాక ఆ బాధ పోయింది.

రెండో గాయకుడికోసం కట్టిన పాటను మాత్రం మేం మళ్లీ పాడలేదు. ఆమె పాడగలదు, అడిగింది కూడా. తార పంచమం మీద ఆయన నిలిచిన ఆ నిలుపు లేకుండా డ్రమ్మర్ కర్రలు ఆపడానికి కారణం ఉండదు.

మొన్న దసరా సెలవులకు మా మొదటి గాయకుడు ఊరికి వచ్చి, రైలెక్కేముందు మల్కాజిగిరి గదికి వచ్చాడు. ఆమె కూడా ఉంది. ‘ఒక్కసారి మనది వాయించుండ్రి రా’ అన్నాడు. తీగలన్నిటినీ పాత శ్రుతికి ఎక్కించి రిఫ్ ఎత్తుకున్నాను. నా వేళ్లు ఒక తీగ పక్కకు పోతున్నాయి, వెనక్కి తెచ్చుకున్నాను. అతను అదే బొంగురు గొంతుతో ‘వస్తవా’ అన్నాడు, మొదటి పంక్తి పాతరోజుల్లాగే కుదిరింది. రెండో పంక్తికి ముందు డ్రమ్మర్ అలవాటు ప్రకారం మూడో దెబ్బ వదిలేశాడు. ఆ ఖాళీలోకి అతను అడుగుపెట్టి, కింద ఏమీ లేకపోయేసరికి ఆగిపోయి మా ముఖాలు చూశాడు. గోడకు ఆనుకొని నిలబడ్డ ఆమె, ‘అది నేను ఊపిరి తీసుకునే చోటు, అన్నా’ అని చెప్పింది. అతను తలూపి, ‘మళ్లా మొదలువెట్టు’ అన్నాడు. ఈసారి ఆ దెబ్బ దగ్గర అతను కూడా ఊపిరి తీసుకున్నాడు.